ఊడ్చే పని శాశ్వతం, ఊడ్చే మనిషి తాత్కాలికమా?

కేంద్ర జలసంఘంలో ఏళ్ల తరబడి ఊడ్చి తుడిచిన మహిళలను 2018లో నోటీసైనా ఇవ్వకుండా తీసేశారు. 2006 నాటి ఉమాదేవి తీర్పును అడ్డం పెట్టుకున్నారు. దొడ్డిదారి నియామకాలను ఆపడానికి వచ్చిన ఆ తీర్పు, ఏళ్లుగా చాకిరీ చేసినవారి పొట్టకొట్టే సాధనం కారాదని 2024 డిసెంబరు 20న సుప్రీంకోర్టు చెప్పింది. వారిని తిరిగి చేర్చుకుని పర్మినెంట్ చేయమంది. సర్వీసు కలిసింది కానీ, ఆ ఆరేళ్ల జీతం మాత్రం రాలేదు.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1994 నాటి 212 జి.ఓ. కూడా 1993 నవంబరు 25 నాటికి అయిదేళ్ల సర్వీసు చూపమంది. మస్టర్ రోలు అధికారి బీరువాలో ఉంటే రోజుకూలీ స్త్రీ ఏం చూపగలదు? అందుకే హాజరు, జీతం కాగితాల నకళ్లు దాచుకోమని ప్రతి సంఘంలో చెబుదాం. తీసేశాక కోర్టుకెక్కడం కన్నా, తీసేయకముందే కలిసి నిలబడడం మేలు.