దయకు గడి లేని రిజిష్టరు

అయ్యా,

2023 మార్చిలో "నాటు నాటు" పాటకు ఆస్కారు బహుమతి వచ్చినదని తెలుగువారమందరము సంబరపడితిమి. ఆ సభలోనే మా తమిళనాడు అడవిలో తీసిన "ది ఎలిఫెంట్ విస్పరర్స్" అను సుమారు 40 నిమిషముల చిన్న చిత్రమునకును బహుమతి వచ్చినది. దానిని మనలో చాలమంది గమనింపలేదు.

కార్తికి గొన్సాల్వెస్ తీసిన ఈ చిత్రములో ముదుమలై అడవిలోని తెప్పకాడు ఏనుగుల శిబిరమున బొమ్మన్, బెల్లి అను గిరిజన దంపతులు తల్లిలేని గున్నలను సాకుదురు. రఘు అను గున్న తల్లి కరెంటు తగిలి చనిపోయినది. 2017లో ఆ గున్న దొరికినది మా హోసూరు ప్రాంతపు అడవులలోనే. కుక్కలు కరచిన గాయములతో వచ్చిన ఆ జీవి, కూతురిని పోగొట్టుకొని ఏడ్చుచున్న తన కన్నీరు తుడిచినదని బెల్లి చెప్పును. కష్టపడిన ప్రాణికి ఎదుటివారి కష్టము తెలియును. తనను ఆదరించిన చేతిని అది మరువదు.

"జీతము పుచ్చుకొని చేసినదే గదా, ఇందులో గొప్ప యేమి?" అని ఒక మిత్రులు నాతో అనిరి. జీతము పాలు పట్టినందుకు సరిపోవును. ఆ గున్నను వేరొకరికి అప్పగించినపుడు వారు పడిన దుఃఖము ఏ పద్దులో వ్రాయవలెను? గుమాస్తాగా నేను ఎన్నో సర్వీసు రిజిష్టర్లు వ్రాసితిని. సెలవునకు గడి కలదు, ఇంక్రిమెంటునకు కలదు, శిక్షకు కలదు. దయకు మాత్రము లేదు.

బహుమతి వచ్చిన పిమ్మట ప్రభుత్వము ఆ దంపతులకు తలకొక లక్ష రూపాయలు ఇచ్చి, రెండు శిబిరములలోని 91 మంది పనివారికిని తలకొక లక్ష ప్రకటించినది. పేరు రానివారిని కూడ తలచుకొనుట మెచ్చదగినది. అయితే వారి మంచితనము మనకు కనబడుటకు విదేశపు బహుమతి రావలసి వచ్చెనే అని నా విచారము.

నా మనవి రెండు మాటలు. ఏనుగులవలన పంట పోయిన రైతునకు పరిహారము జాప్యము లేక అందవలెను; అప్పుడే చేను చుట్టు తీగకు కరెంటు పెట్టవద్దని అతనికి చెప్పగల హక్కు మనకుండును. రెండవది, మా ప్రాంతపు పాఠశాలలలో ఈ చిత్రము చూపి, తమ ఊరిలో తమకు మేలు చేసిన ఒకరిని గూర్చి వ్రాయుమని పిల్లలకు చెప్పవలెను. బ్రతికియుండగా ఆ మాట వారి చెవిని పడిన చాలును.

ఇట్లు,
ఒక విశ్రాంత గుమాస్తా,
హోసూరు.