ఫోను కోసం ఇంటి గొళ్ళెం తీయాలా?

మొన్న మా బాబాయి ఫోను లోగో దగ్గరే ఆగిపోయింది. ఫర్మ్‌వేర్ ఫ్లాష్ చేద్దామని ఆయన కంప్యూటర్‌కే తగిలించా. డివైస్ మేనేజర్లో పసుపు గుర్తు. కంపెనీ వాళ్ళ యూఎస్‌బీ డ్రైవరుకి డిజిటల్ సంతకం లేదు. పైగా "సిగ్నేచర్ తనిఖీ ఆపేసి ఇన్‌స్టాల్ చేసుకోండి" అని సలహా!

ఇదెక్కడి న్యాయమండీ? కెర్నెల్లోకి వెళ్ళే డ్రైవరుకి సంతకం ఉండాలన్నది 2007లో జనం చేతికొచ్చిన 64 బిట్ విస్టా నుంచీ ఉన్న రూలు. అది దొంగల్ని ఆపే గొళ్ళెం. ఒక్కసారికేగా అంటారా? దొంగ దూరడానికీ ఒక్కసారి చాలు. బాబాయి బ్యాంకు పనులన్నీ అందులోనే చేసుకుంటారు మరి.

వేరే దారి లేదా అంటే, ఉంది. 2012లో వచ్చిన విండోస్ 8 నుంచీ, తనకి విన్‌యూఎస్‌బీ చాలని ఫోనే డిస్క్రిప్టర్లలో సరిగ్గా చెప్పుకుంటే, విండోస్ తన దగ్గరున్న డ్రైవర్నే పెట్టేస్తుంది. ఫాస్ట్‌బూట్‌కి అది సరిపోతుంది. లినక్స్‌లో అయితే వేరే డ్రైవరే అక్కర్లేదు, అనుమతి కోసం ఒక యూడెవ్ రూలు రాస్తే చాలు.

బూట్‌లోడర్లో ఆ కాస్త పని చెయ్యడానికి వాళ్ళకి బద్ధకం. "డ్రైవర్ అప్‌డేట్ చేసుకున్నారా?" అన్న ప్రశ్న మాత్రం మనకి! ముందు మీరు సంతకం పెట్టండి బాబూ, తర్వాత మమ్మల్ని అడుగుదురు గాని.