ఉలి సముద్రం దాటాలంటే



రామప్ప గుడి కట్టించింది కాకతీయ గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడని 1213 నాటి శాసనం చెబుతుంది. కానీ ఆ గుడికి శిల్పి పేరే నిలిచిపోయిందని మన పెద్దలు చెప్పుకుంటూ వచ్చారు. 2021లో యునెస్కో గుర్తింపు వచ్చినప్పుడు కూడా అందరి నోటా ఆ పేరే. సేనాని శాసనం రాయించుకున్నాడు, శిల్పిని జనం గుర్తుపెట్టుకున్నారు. సరే, ఈ కాలపు తెలుగు శిల్పుల్లో ఎంతమంది పేర్లు చెప్పగలం?

కృష్ణారెడ్డి అని ఒకాయన ఉన్నాడు. 1925లో చిత్తూరు జిల్లా నందనూరులో పుట్టాడు. తండ్రి వ్యవసాయపు పని చేస్తూనే గుళ్ళకు బొమ్మలు చేసినవాడు. కొడుకు శాంతినికేతన్‌లో చదివి, 1949లో లండన్ స్లేడ్ స్కూలుకు వెళ్ళి, హెన్రీ మూర్ దగ్గర శిల్పం నేర్చుకున్నాడు. పారిస్‌లో జాడ్కిన్ దగ్గర, మిలాన్‌లో మారీనీ దగ్గర పని చేశాడు. పారిస్‌లో హేటర్ నడిపే అటెలియే 17 అనే అచ్చు చిత్రాల కార్ఖానాలో చేరి, తర్వాత దాని సహ సంచాలకుడయ్యాడు. 1972లో పద్మశ్రీ వచ్చింది. 1976లో న్యూయార్క్ చేరి, అక్కడి విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పాడు. 2018లో ఆ నగరంలోనే కన్నుమూశాడు.

ఆయన చేసిన పని ఏమిటి? అంతకుముందు రంగుల అచ్చు తీయాలంటే సాధారణంగా రంగుకో పలక కావాలి. అటెలియే 17లో ఆయన, తోటి కళాకారులు కలిసి ఒకే పలక మీద అన్ని రంగులూ పరిచే పద్ధతి తయారు చేశారు. ఒక రంగులో నూనె ఎక్కువ, ఇంకోదానిలో తక్కువ. మెత్తటి రోలరు లోతుల్లోకి దిగుతుంది, గట్టి రోలరు పైపైనే పోతుంది. పలకను ఎత్తుపల్లాలుగా చెక్కడం తెలిస్తే తప్ప ఇది కుదరదు. అంటే రాగి, జింకు పలకల మీద కూడా ఆయన శిల్పమే చెక్కాడు. 1968లో పారిస్ విద్యార్థులు వీధుల్లోకి వచ్చినప్పుడు ఆ ప్రదర్శకుల గుంపు ఆయన పలకకెక్కింది.

ఇక్కడ మనవాళ్ళు అడిగే ప్రశ్న నాకు తెలుసు: 'అన్నా, పేరు చివర రెడ్డి ఉంది కదా, మనకేం సంబంధం?' సంబంధం ఉంది. ఆయన ప్రతిభను తక్కువ చేయాల్సిన పని లేదు. ఊరు దాటడానికి ఆయనకు దొరికిన నిచ్చెన మన పిల్లలకు దొరుకుతుందా అన్నదే మన ప్రశ్న. రాయి కొట్టే వడ్డెర ఊరు దాటితే వలస కూలీ అంటాం. శిల్పి సముద్రం దాటితే అంతర్జాతీయ కళాకారుడు అంటాం. ఇద్దరి చేతిలోనూ ఉండేది ఉలి, సుత్తే.

ఎస్సీ విద్యార్థులు విదేశాల్లో పీజీ, పీహెచ్‌డీ చేయడానికి కేంద్రం ఇచ్చే నేషనల్ ఓవర్సీస్ స్కాలర్‌షిప్ ఉంది. సంచార జాతులు, భూమిలేని వ్యవసాయ కూలీలు, సంప్రదాయ చేతివృత్తుల కుటుంబాల పిల్లలు కూడా దానికి అర్హులే. దేశం మొత్తానికి ఏడాదికి 125 సీట్లు. 2022లో మార్గదర్శకాలు మార్చి, భారతీయ సంస్కృతి, వారసత్వం, చరిత్ర, భారతదేశంపై సామాజిక అధ్యయనాలకు ఆ డబ్బు ఇవ్వబోమన్నారు. చేతివృత్తుల పిల్లలకు స్కాలర్‌షిప్ ఇస్తారట, తమ తాతల వృత్తి చరిత్ర మాత్రం చదవకూడదట!

ఒక ఉదాహరణ చూడండి. చేర్యాల నకాషీలు గీసిన పటం విప్పి, డక్కలివాళ్ళు మాదిగలకు జాంబపురాణం చెబుతారు. బొమ్మ, పాట, కులం ఉమ్మడిగా బతికిన కళ అది. దాని మీద విదేశంలో పరిశోధన చేస్తానని మన పిల్ల దరఖాస్తు పెడితే తిరస్కరిస్తారు. 'ఇలాంటివి ఇక్కడే చదువుకోవచ్చు కదా' అన్నది వాళ్ళ వాదన. ఇక్కడి విభాగాల్లో మన అంశాలకు ఎవరు గైడుగా దొరుకుతారో, ఎన్నేళ్ళు తిప్పుతారో పరిశోధక విద్యార్థులకు నేను చెప్పాలా? బాబాసాహెబ్ బరోడా సంస్థానం స్కాలర్‌షిప్‌తో 1913లో న్యూయార్క్ వెళ్ళారు. 1916లో కొలంబియాలో ఆయన చదివిన వ్యాసం దేని మీద? భారతదేశంలో కులాల మీద. ఈ నిబంధన ఆనాడే ఉంటే ఆ వ్యాసానికి రూపాయి దక్కేది కాదు.

డబ్బున్న ఇళ్ళ పిల్లలు మన పటాల మీద, మన పాటల మీద విదేశాల్లో పీహెచ్‌డీలు చేసుకోవచ్చు, వాళ్ళను ఆపేవాళ్ళు లేరు. మన పిల్లలు మాత్రం ఆ థీసిస్‌లలో ఫొటోలుగా మిగలాలా?

కాబట్టి విద్యార్థి సంఘాల మిత్రులకు ఒక మాట. హాస్టల్ మెస్ బిల్లుల కోసం కొట్లాడుతున్నాం, కొట్లాడాల్సిందే. ఆ డిమాండ్ల కాగితంలో ఇంకో వాక్యం చేర్చండి: 2022 నాటి ఆ నిబంధన ఎత్తేయాలి. సాహిత్యం, శిల్పం, చిత్రకళ చదివే తమ్ముళ్ళూ చెల్లెళ్ళూ, మీ అంశం ఏదైనా ఇప్పుడే రాసిపెట్టుకోండి. ఎవరెవరు ఏమి చదవాలనుకుని ఆగిపోయారో ఆ జాబితా మన దగ్గర ఉంటే, ఢిల్లీకి పంపే వినతిపత్రానికి బలం వస్తుంది.