అన్నదానంతో ఆగనివాడు

మన నెల్లూరు సీమలో దాతల పేర్లు శిలాఫలకాలపై కానవస్తాయి. వెన్నెలకంటి రాఘవయ్య (1897–1981) గారి దానం ఫలకాలకు అందేది కాదు.

పులికాటు తీరాన చేపలతో, అడవితేనెతో పొట్టపోసుకొన్న యానాదులను నాటి నేరస్థ జాతుల చట్టం పుట్టుకతోనే అనుమానితులను చేసింది. ఆ చట్టం క్రింద పేరెక్కినవారు పోలీసులకు హాజరు చెప్పుకోవలసిందే. అన్నవస్త్రాలిచ్చి ఊరకున్నా రాఘవయ్యగారిని లోకం పుణ్యాత్ముడనేది. ఆయన మాత్రం చట్టమే తొలగాలని పోరాడారు. మద్రాసు రాజధానిలో 1947లో, దేశమంతటా 1952లో అది రద్దయింది. దానకర్ణులు మనకెందరో, చట్టాన్ని చదివి ఎదిరించిన దాతలు బహు కొద్దిమంది.

యానాదులపై 1962లో ఆయన ఆంగ్లంలో వెలువరించిన గ్రంథం మన గ్రంథాలయంలో లేదు. ఈ యేటి బహుమతుల ఖర్చు కొంత తగ్గించియైనా, కమిటీ పెద్దలు పాతప్రతి నొకదానిని తెప్పించవలెనని నా మనవి.