దుకాణాలు వెనక్కి జరిగాక బతికిన కొండకొమ్ము

ఫ్రాన్స్ పశ్చిమ కొసన, బ్రిటనీ ప్రాంతంలో అట్లాంటిక్ సముద్రంలోకి చొచ్చుకుపోయిన కొండకొమ్ము ప్వాంత్ ద్యు రా. 70 మీటర్ల ఎత్తున నిటారుగా లేచిన బండలు, వాటి మీద హెదర్, గోర్స్ పొదలు కమ్ముకున్న బయలు, ఎదురుగా నీళ్ల మధ్య ఒంటి రాతి మీద 1887లో వెలిగిన లా వియెయ్ దీపస్తంభం. ఇవన్నీ చూడటానికి ఏటా లక్షల మంది వస్తారు. వాళ్ల కోసమేనంటూ 1960లలో కొమ్ము మీదే దుకాణాలు వెలిశాయి, కార్లు అంచుదాకా వచ్చాయి. 1990లలో ఆ కట్టడాలను కూల్చి, దుకాణాలను, కార్లను దాదాపు కిలోమీటరు వెనక్కి పంపారు. జనం మెచ్చిన చోటును కాపాడాలంటే సౌకర్యాలను దాని నెత్తిన పెట్టకూడదు. ప్వాంత్ ద్యు రా అనుభవం చెప్పేది ఇదే.

ఆ బయలు చూడటానికి మొండిగా కనిపిస్తుంది గానీ చాలా సున్నితమైనది. గడ్డిని తొక్కితే మళ్లీ లేస్తుంది. హెదర్ కాడ పుల్లలా గట్టిది, పదేపదే అడుగు పడితే విరిగిపోతుంది. మొక్క చచ్చాక వేళ్లు పట్టు వదులుతాయి, రాతి మీద పలుచగా పరుచుకున్న మట్టిని వాన కడిగేస్తుంది, గాలి ఎగరేసుకుపోతుంది. మిగిలేది బోడి బండ. తిరిగి మట్టి చేరడానికి ఏళ్లూ పూళ్లూ పడుతుంది. అందుకే కూల్చివేతతో పని అయిపోలేదు. నడక బాటలను హద్దులు పెట్టి తీర్చారు, తొక్కుడుపడ్డ నేలలో పచ్చదనం తిరిగి పట్టేలా చూశారు.

ముసలివాళ్లు, నడవలేనివాళ్లు ఏం కావాలి అన్నది న్యాయమైన ప్రశ్న. వాళ్ల కోసం సీజన్‌లో చిన్న బస్సు నడుపుతారు. ఒక బస్సు వెళ్లే దారికీ వందల కార్లు నిలిపే మైదానానికీ పోలికే లేదు. వ్యాపారుల పొట్ట కొట్టారనే మాటా నిలవదు. దుకాణాలు మూతపడలేదు, చోటు మారాయి. పార్కింగ్ రుసుము స్థలం నిర్వహణకే ఉపయోగపడుతోంది. పైగా ఈ నేల విలువ స్థానికులకు ఒకరు చెప్పాల్సిన పనిలేదు. ఇక్కడి ప్లోగాఫ్ గ్రామస్థులు 1980లో అణు విద్యుత్ కేంద్రం ప్రతిపాదనను ఎదిరించి వీధుల్లోకి వచ్చారు, మరుసటి ఏడాది ఆ ప్రతిపాదన రద్దయింది. 2004లో ఈ కొమ్ముకు ఫ్రాన్స్ ప్రభుత్వం ‘గ్రాండ్ సైట్ ఆఫ్ ఫ్రాన్స్’ గుర్తింపు ఇచ్చింది. అక్కడికి వెళ్లే తెలుగువారికి ఒక్క మనవి: ఫొటో కోసం బాట దాటి హెదర్ మీద కాలు పెట్టకండి.