ఎండీఎఫ్‌ని తిట్టే ముందు కొటేషన్ తీసి చూడండి

"ఎండీఎఫ్ మీద పెయింటా? దండగ గురూ... ఆర్నెల్లలో అంచులు లేస్తాయి."

కొత్తగా ఫ్లాట్ కొనుక్కున్న ప్రతి సాఫ్ట్‌వేర్ వాడి నోటా ఈ మాట విన్నాను. చివరికి నాకు వార్డ్‌రోబ్ చేసిచ్చిన కాంట్రాక్టర్ నోట కూడా విన్నాను! పోయిన వానాకాలం దాటేసరికి మా తెల్ల షట్టర్ల అంచులు నూగు లేచాయి. ముందువైపు చూస్తే అద్దం. పక్కనుంచి చేత్తో తడిమితే గరుకు కాగితం. ఫోన్ చేసి అడిగితే ఆయన ఏమాత్రం మొహమాటపడకుండా "మెటీరియలే అంత సార్, అక్రిలిక్ వేయించుకోవాల్సింది" అనేశాడు.

శుద్ధ అబద్ధం. రంగు వేయడానికి ఎండీఎఫ్ కంటే మంచి పలక దొరకడం కష్టం. ప్లైవుడ్‌కి చెక్క గీతలుంటాయి, ఎంత లప్పం పెట్టినా కొన్నాళ్ళకి రంగులోంచి తొంగి చూస్తాయి. ఎండీఎఫ్‌లో అసలు గీతలే లేవు. చెక్క పీచుని జిగురుతో కలిపి, వేడి మీద ఒత్తి చేసిన పలక అది. చిక్కల్లా ఒకటే. ఆ ఒత్తిడికి పైపొర గట్టిగా బిగుస్తుంది, మధ్య భాగం కాస్త వదులుగా ఉంటుంది. పలకని కోసినప్పుడు బయటపడేది ఆ వదులు భాగమే. స్పాంజిలా రంగుని తాగేస్తుంది, తడి తగిలితే ఉబ్బుతుంది. అంటే ముందువైపుకి ఒక పని, అంచుకి వేరే పని. ఆ రెండో పని చెయ్యకుండా మెటీరియల్‌ని తిట్టడం దేనికి?

ఆ రెండో పని బ్రహ్మవిద్యేం కాదు. కోసిన అంచు మూల కత్తిలా ఉంటే రంగు నిలవదు కాబట్టి, ముందు ఆ మూలని ఒక్క మిల్లీమీటరు గుండ్రం చెయ్యాలి. 180, తర్వాత 240 నంబరు పేపరు పట్టాలి. ఆపైన అంచుకి సీలర్ వేసి, ఆరాక 320తో రుద్ది, మళ్ళీ సీలర్ వేసి మళ్ళీ రుద్దాలి. వేలికి ఎక్కడా పీచు తగలకూడదు. అప్పుడు ప్రైమర్, అదీ రెండు వైపులా. ఒక వైపే వేస్తే రెండో వైపునుంచి తేమ పీల్చుకుని షట్టర్ వంగుతుంది. ప్రైమర్ ఆరాక పేపరుని చెక్కముక్కకి చుట్టి రుద్దాలి, ఉత్త వేళ్ళతో రుద్దితే వేళ్ళ పల్లాలు పడతాయి. పక్కనుంచి లైటు వేసి చూస్తే ప్రతి లోపం కనిపిస్తుంది. ఇదంతా అయ్యాకే రంగు, అదీ పల్చగా రెండు మూడు కోట్లు.

కొందరు అంచుకి తెల్ల జిగురు నీళ్ళలో కలిపి రాసేస్తే చాలంటారు. ఆ నీళ్ళకే పీచు లేస్తుంది. ఆరిన జిగురు పేపరుకి అరగదు, బంకలా చుట్టుకుంటుంది. ఒకసారి చేసి చూశాను, అనుభవించాను :)

మరి తెలిసిన పనే ఎందుకు చెయ్యలేదు? షట్టర్లకి రంగేసిన పెయింటర్ నంబరు సంపాదించి పిలిపించాను. అంచు చూడగానే ఆయన నవ్వాడు.

"అంచుకు కొలత లేదు సార్."

"అంటే ఏంటన్నా?"

"నాకు అడుగు లెక్కన పైసలు. ముంగటి పలకనే కొలుస్తరు. అంచుకు రెండు సార్లు సీలర్ కొట్టాలె, ఆరనియ్యాలె, పేపర్ పట్టాలె. దానికి పైసలు ఎవరిచ్చిండ్రు? టైం ఎవరిచ్చిండ్రు? మీ ముహూర్తం ఉందని మూడు రోజుల్ల కొట్టించిండ్రు గద."

నోరు మూతపడింది. ఎందుకంటే ఆ ముహూర్తం పేరు చెప్పి రోజుకి నాలుగు ఫోన్లు చేసింది నేనే. ఇంటికొచ్చి లెక్క వేశాను. ఏడడుగుల ఎత్తు, అడుగున్నర వెడల్పు షట్టర్‌కి ముందువైపు 10.5 చదరపు అడుగులు. 18 మిల్లీమీటర్ల అంచు చుట్టూ కలిపితే ఒక చదరపు అడుగు. లెక్కలో పదో వంతు కూడా లేని ఆ అంచే సగం శ్రమ తింటుంది. నా కొటేషన్‌లో ఉన్నది మాత్రం ఒకే ఒక్క లైను: "డ్యూకో పెయింట్, చదరపు అడుగుకి ఇంత." ఏ సీలరో, ఎన్ని కోట్లో, ఎన్ని రోజులు ఆరాలో ఏమీ లేదు. నేను అడగలేదు కూడా. ఆఫీసులో టెస్టింగ్ రోజులు కోసేసి రిలీజ్ డేట్ మార్చనన్న మేనేజర్‌ని మనం ఎన్ని తిట్లు తిడతాం! ఇంట్లో మనం చేసేది అచ్చంగా అదే.

ఇంతకన్నా సిగ్గుపడాల్సిన సంగతి ఇంకోటుంది. ఆ మూడు రోజులూ ఆయన తలుపులేసిన బెడ్రూంలో ముక్కుకి రుమాలు కట్టుకుని పేపరు పట్టాడు, గన్ కొట్టాడు. కలప ధూళి క్యాన్సర్ తెస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ క్యాన్సర్ విభాగం 1995లోనే తేల్చింది. ఎండీఎఫ్ జిగురులో ఉండే ఫార్మాల్డిహైడ్‌ని 2004లో అదే జాబితాలో చేర్చింది. పీయూ పెయింట్ హార్డెనర్‌లో ఉండే ఐసోసయనేట్లు ఆస్తమా తెప్పిస్తాయి. రుమాలు వీటిలో దేన్నీ ఆపదు. లక్షలు పెట్టి వార్డ్‌రోబ్ చేయించుకున్న నాకు ఒక కార్ట్‌రిడ్జ్ మాస్కు కొనివ్వాలని తట్టలేదు.

"ఇన్ని చేస్తే ఖర్చు పెరగదా?" అంటారు. పెరుగుతుంది. అంత పెట్టలేకపోతే లామినేట్ వేయించుకోండి, అందులో తప్పేం లేదు. సింకు కిందా, బాత్రూం గోడ పక్కనా అయితే ఎండీఎఫ్ జోలికే పోవద్దు, నిలిచిన నీటికి అది ఆగదు. కానీ చవక పనికి డబ్బిచ్చి కారు ఫినిష్ అడక్కండి.

ఆ పెయింటరన్నతోనే ఒక షట్టర్ మళ్ళీ చేయించాను. ఈసారి రోజు కూలి లెక్కన, మాస్కుతో, బాల్కనీలో. ఐదు రోజులు పట్టింది. అదే పలక, అదే రంగు. మొన్న మా కాంట్రాక్టర్ ఇంకో ఫ్లాట్ పని మీద వచ్చి దాని అంచు తడిమి చూసి, "అక్రిలిక్ వేయించారా సార్?" అన్నాడు.