షౌకత్ కైఫీ: మన నేల మరచిన నటీమణి

2019 నవంబరు 22న ముంబయిలో షౌకత్ కైఫీ కన్నుమూశారు. అప్పటికి ఆమె తొంభై ఏళ్లు దాటిన వృద్ధురాలు. మరునాటి పత్రికలు చాలావరకు ఆమెను రెండు బంధుత్వాలతో పరిచయం చేసి ఊరుకున్నాయి. ఒకటి, కవి కైఫీ అజ్మీ సతీమణి. రెండవది, నటి షబానా అజ్మీ మాతృమూర్తి. రెండూ నిజమే. కాని అర్ధశతాబ్దికి పైగా రంగస్థలం మీద, వెండితెర మీద శ్రమించిన ఒక కళాకారిణికి ఆ రెండు వాక్యాలు చాలునా అన్నది మా ప్రశ్న. ఆమె పుట్టినది హైదరాబాదు సంస్థానంలో. అయినప్పటికీ తెలుగు నేల మీద ఆమెను మనదిగా చెప్పుకున్న సభలు మాకు పెద్దగా కనబడలేదు. ఈ మరపు యాదృచ్ఛికం కాదని, దానిలో మన సమాజానికీ, బయటి సమాజానికీ సమానమైన వాటా ఉన్నదని మేము భావిస్తున్నాము.

షౌకత్ బాల్యం నిజాము పాలనలోని హైదరాబాదు సంస్థానంలో గడిచింది. నాటి హైదరాబాదు నవాబుల నగరం మాత్రమే కాదు. మఖ్దూం మొహియుద్దీన్ వంటి కవులు అభ్యుదయ సాహిత్యాన్ని కార్మికుల వాడలకు చేర్చిన నగరం కూడా. 1947లో అక్కడ జరిగిన ఒక ముషాయిరాకు బొంబాయి నుంచి యువకవి కైఫీ అజ్మీ వచ్చారు. ‘ఔరత్’ అనే తన నజ్మును చదివారు. స్త్రీ ఇంటి మూలన దీపమై మిగలరాదని, పురుషునితో భుజం కలిపి నడవాలని చెప్పే కవిత అది. శ్రోతలలో షౌకత్ ఉన్నారు. ఆమెకు అప్పటికే వేరొకచోట సంబంధం కుదిరి ఉన్నది. ఆ సంబంధాన్ని కాదని, ఆస్తిపాస్తులు లేని కమ్యూనిస్టు కవిని వరించారు. ఆ పెళ్లికి మొదట ఒప్పుకోని తండ్రి, బిడ్డ మనసు తెలుసుకుని, తానే ఆమెను బొంబాయికి తీసుకుపోయి కైఫీ బతుకు ఎలాంటిదో చూపించారు. చూసిన తరువాత కూడా నీ నిర్ణయం ఇదేనా అని అడిగారు. ఆమె అదేనన్నారు. అదే ఏడాది సజ్జాద్ జహీర్ ఇంట నికాహ్ జరిగింది. ఆడపిల్ల ఇష్టాన్ని అడగడమే తప్పుగా భావించే తండ్రులు నేటికీ ఉన్న రోజుల్లో, డెబ్బై ఎనభై ఏళ్ల నాటి ఆ ముస్లిం తండ్రిని మనం ఒకమారు గుర్తు చేసుకోవాలి.

వచ్చిన ఇల్లు ఇల్లు కాదు, పార్టీ కమ్యూను. తరువాత చాలాకాలం వారు కాపురమున్న రెడ్ ఫ్లాగ్ హాలులో ఎనిమిది కుటుంబాలకు తలా ఒక గది, అందరికీ కలిపి ఒకే స్నానాల గది. పూర్తికాలపు కార్యకర్తగా కైఫీకి పార్టీ ఇచ్చిన జీతం నెలకు నలభై రూపాయలు. తొలి బిడ్డ పసితనంలోనే మరణించాడు. ఆ దుఃఖం ఆరక ముందే తిరిగి గర్భవతి అయినప్పుడు, ఈ ఆదాయంతో బిడ్డను ఎట్లా పెంచుతారని పార్టీ సహచరులే ఆక్షేపించారు. ఆమె వినలేదు. 1950లో షబానా పుట్టింది.

పార్టీ నాయకులు పి.సి. జోషి ఒకనాడు ఆమెను, నీవు రోజంతా ఏమి చేస్తుంటావని అడిగారట. ఏమీ లేదని ఆమె జవాబు చెప్పగా, కమ్యూనిస్టు భార్య ఖాళీగా కూర్చోరాదని, తానూ సంపాదించి కుటుంబానికి ఆసరా కావాలని ఆయన హితవు చెప్పారు. ఆ మాటతో ఆమె రేడియోలో పని వెదుక్కున్నారు, ఇప్టా నాటకాలలో వేషం కట్టారు, పృథ్వీ థియేటర్‌లో చేరారు.

ఈ ‘ఏమీ లేదు’ అన్న జవాబు దగ్గర మేము కొంత ఆగదలచుకున్నాము. ఉద్యోగ విరమణ తరువాత మేము కొందరము కలిసి మా పేటలో విద్యార్థుల స్కాలర్‌షిప్ దరఖాస్తులు నింపిపెడుతున్నాము. ‘తల్లి వృత్తి’ అన్న గడి వద్దకు రాగానే పిల్లలు చెప్పే మాట అదే: ఏమీ లేదు. ఆ తల్లి తెల్లవారుజామున లేచి ఇంటి పని ముగించి, సాయంత్రం దాకా కుట్టుమిషను తొక్కుతూ ఉంటుంది. మరొకరి తల్లి బీడీలు చుడుతుంది. ఇంకొకరి తల్లి చీరలకు జర్దోజీ పని చేస్తుంది. కాగితం మీద మాత్రం వారి వృత్తి ఏమీ లేదు. జీవితమంతా కాగితాల మధ్య గడిపిన మాకు, గడిలో రాయనిది లెక్కలోకి రాదని బాగా తెలుసు. లెక్కలోకి రాని మనిషికి పథకమూ రాదు, పింఛనూ రాదు, మర్యాదా రాదు. షౌకత్ కైఫీ గొప్పతనం ఆ గడిని తన శ్రమతో నింపుకోవడంలో ఉన్నది.

పృథ్వీరాజ్ కపూర్ నడిపిన పృథ్వీ థియేటర్ ఊరూరా తిరిగే సంచార సంస్థ. దేశ విభజన ప్రమాదాన్ని హెచ్చరించిన ‘దీవార్’, హిందూ ముస్లిం స్నేహాన్ని చాటిన ‘పఠాన్’ వంటి నాటకాలు దాని ఖ్యాతికి కారణం. ప్రదర్శన ముగియగానే పృథ్వీరాజ్ స్వయంగా ద్వారం వద్ద జోలె పట్టి నిలబడి విరాళాలు సేకరించేవారు. జోహ్రా సెహగల్, ఆమె చెల్లెలు ఉజ్రా వంటి నటీమణులు ఆ బృందంలో ఉండేవారు. షౌకత్ నెలల పసికందు షబానాను వీపున కట్టుకుని అక్కడి రిహార్సళ్లకు వెళ్లేవారు. పిల్లను చూసేవారు లేరని పని మానలేదు. పని ఉన్నదని పిల్లను విడువలేదు. నేడు మనం పనిచేసే చోట శిశు సంరక్షణ కేంద్రాలు కావాలని అడుగుతున్నాము. ఆ కోరికకు వెనుక ఇట్టి తల్లుల చరిత్ర ఉన్నది.

అదే కాలంలో మన ఆంధ్ర ప్రాంతంలో ఇప్టాకు సోదర సంస్థ వంటి ప్రజానాట్యమండలి పల్లెపల్లెకూ నాటకాన్ని, బుర్రకథను తీసుకుపోయింది. మోటూరు ఉదయం వంటి మహిళలు దళం కట్టి బుర్రకథ చెప్పారు. కుటుంబ స్త్రీలు రంగస్థలం ఎక్కడం అప్పుడు హిందువులలోనూ నిందకు గురి అయినదే. కనుక వేదిక ఎక్కిన స్త్రీని చూసి ముఖం చిట్లించడం ఒక మతానికి పరిమితమైన జాడ్యం కాదు. ఆ గీతను దాటినవారు కూడా ఒక మతానికి పరిమితమైనవారు కారు.

ఇక ఆమె సినిమాలు. కొన్ని చిత్రాలలో ఆమె పేరు షౌకత్ అజ్మీ అని కనిపిస్తుంది. కథానాయిక పాత్రలు ఆమె ఎన్నడూ కోరుకున్నట్లు లేదు. ‘హకీకత్’, ‘హీర్ రాంఝా’ మొదలు ‘అంజుమన్’, ‘సలాం బాంబే’, చివరకు 2002 నాటి ‘సాథియా’ దాకా ఆమె వేసినవన్నీ సహాయ పాత్రలే. వాటిలో మూడింటిని మాత్రం ఇక్కడ వివరంగా చెప్పవలసి ఉన్నది.

1981లో ముజఫ్ఫర్ అలీ తీసిన ‘ఉమ్రావ్ జాన్’లో ఆమె ఖానుం జాన్. లక్నోలోని కోఠాకు యజమానురాలు. ఎత్తుకొచ్చిన పసిపిల్లను కొనుగోలు చేస్తుంది, ఆమెకే సంగీతము, సాహిత్యము నేర్పిస్తుంది. ఆ పాత్రలో షౌకత్ గొంతు పెంచరు. కూర్చున్న తీరుతోనే ఆ ఇంటి పెత్తనం ఎవరిదో ప్రేక్షకునికి అర్థమవుతుంది.

మరుసటి ఏడు సాగర్ సర్హదీ తీసిన ‘బాజార్’ మన హైదరాబాదు కథ. గల్ఫ్ నుంచి డబ్బుతో వచ్చిన మనిషికి పేదింటి లేత వయసు పిల్లను కట్టబెట్టే వ్యాపారం అందులోని ఇతివృత్తం. సంబంధాలు కుదిర్చే హజ్జన్ బీగా షౌకత్ నటించారు. సంస్థానపు బిడ్డ అయిన ఆమెకు ఆ దక్కనీ లోకం, ఆ గడపల తీరు కొత్త కావు. ఆ పాత్రను రాక్షసిగా చూపకుండా, మన వీధిలో నిత్యం కనబడే స్త్రీగా నిలబెట్టారు. అందువల్లనే అది మనలను ఎక్కువగా బాధిస్తుంది. ఆ చిత్రం వచ్చిన 35 ఏళ్ల తరువాత, 2017లో, ఇట్టి పెళ్లిళ్ల కేసులో హైదరాబాదు పోలీసులు ఒమన్, ఖతర్ దేశస్థులను, వారికి తోడ్పడిన ఖాజీలను అరెస్టు చేశారు. తెర మీద చూసి కన్నీరు పెట్టుకున్న మనము పేటలో ఏమి చేశామన్న ప్రశ్న ఇంకా అట్లాగే ఉన్నది.

అన్నిటికంటే ముఖ్యమైనది ‘గరమ్ హవా’. ఇస్మత్ చుగ్తాయ్ కథ ఆధారంగా కైఫీ అజ్మీ, షమా జైదీ రచన చేయగా ఎం.ఎస్. సత్యు దర్శకత్వం వహించిన చిత్రమిది. మత ఘర్షణలు రేగుతాయన్న భయంతో సెన్సారు అధికారులు దానిని నెలల తరబడి ఆపివేశారు. విడుదలైన తరువాత అదే చిత్రానికి జాతీయ సమైక్యతా పురస్కారం లభించింది. ఆగ్రాలో చెప్పుల పరిశ్రమ నడుపుకునే సలీం మీర్జాగా బల్‌రాజ్ సాహ్నీ, ఆయన భార్యగా షౌకత్ నటించారు. విభజన తరువాత బంధువులు ఒకరొకరుగా పాకిస్తాన్‌కు వెళ్లిపోతారు. అన్న పేరున ఉన్న హవేలీ చేజారుతుంది. బ్యాంకులు అప్పు ఇవ్వవు. అద్దె ఇంటి కోసం తిరిగితే ముస్లిము అని తలుపులు మూస్తారు. గూఢచారి అన్న నింద కూడా పడుతుంది. బిడ్డ ప్రాణం తీసుకుంటుంది. చివరకు మీర్జా సైతం ప్రయాణం కడతాడు. దారిలో నిరుద్యోగుల ఊరేగింపు ఎదురవుతుంది. కొడుకు దిగి అందులో కలుస్తాడు. తండ్రి భార్యను ఇంటికి తిరిగి పంపి, తానూ ఆ జనంలో కలిసిపోతాడు.

ఆ ముగింపును మెచ్చుకున్న విమర్శకులందరూ మీర్జా వెంట ఊరేగింపులోకి వెళ్లారు. మేము టాంగాలో తిరిగి వెళ్లిన ఆ ఇల్లాలి వెంట కూడా వెళ్లవలెనని కోరుతున్నాము. వదిలిపెట్టి వచ్చిన ఇంటి తలుపు తిరిగి తెరవవలసినది ఆమె. చనిపోయిన బిడ్డ బట్టలు ఉన్న ఇంట్లో సాయంత్రానికి పొయ్యి రాజేయవలసినది ఆమె. ఈ దేశంలోనే ఉంటామన్న నిర్ణయాన్ని పురుషుడు వీధిలో ప్రకటిస్తాడు. దానిని ప్రతి దినమూ అమలు చేసేది స్త్రీ. షౌకత్ నిజజీవితం దీనికి సాక్ష్యం. 1973లో కైఫీకి పక్షవాతం వచ్చి శరీరంలో ఒక భాగం చచ్చుబడింది. ఆ తరువాత దాదాపు మూడు దశాబ్దాల పాటు ఆయన రాయగలిగారు, సభలకు వెళ్లగలిగారు, తన పుట్టిన ఊరు మిజ్వాఁలో ఆడపిల్లల చదువుకు పునాది వేయగలిగారు. ఆ ఇంట్లో షౌకత్ చేసిన సేవ లేకుండా అది సాధ్యమయ్యేది కాదు. ఆ నడుమనే ఆమె నటిస్తూనే వచ్చారు.

అద్దె ఇంటి సంగతి సినిమాతో ముగియలేదు. ముస్లిము అయినందున ముంబయిలో ఇల్లు కొనుక్కోలేకపోయానని 2008లో ఒక టెలివిజన్ ఇంటర్వ్యూలో షబానా అజ్మీ చెప్పినప్పుడు దేశం ఉలిక్కిపడింది. తల్లి తెర మీద అభినయించిన అవమానమే 35 ఏళ్లు గడిచాక పేరున్న కూతురికి ఎదురయినది. పేరులేని మన కుటుంబాల మాట చెప్పనక్కరలేదు. పేరు చెప్పగానే ‘ఇల్లు ఇప్పుడే మాట్లాడుకున్నారు’ అని వినని ముస్లిం ఉద్యోగి మన పట్టణాలలో అరుదు. ఇంటి అద్దెలో వివక్షను నేరంగా గుర్తించే స్పష్టమైన చట్టం కావాలన్న మన కోరికకు ‘గరమ్ హవా’ కంటె బలమైన వినతిపత్రం లేదు.

నటన మన మర్యాదకు తగునా అని అడిగే పెద్దలు మనలో ఉన్నారు. వారి ఆందోళనను మేము తేలికగా తీసుకోము. అయితే వారిని ఒక మాట అడుగుతాము. మన స్త్రీల కథను మన స్త్రీలు చెప్పకపోతే, దానిని ఎవరు చెబుతున్నారో గమనించారా? నేటి తెర మీద ముస్లిం స్త్రీ అయితే నోరులేని బాధితురాలు, కాకుంటే ఉగ్రవాది తల్లి. షౌకత్ చూపిన భార్య, పెత్తందారు, పెళ్లిళ్ల పేరమ్మ మంచిచెడ్డలు రెండూ ఉన్న మనుషులు. మనలను దేవతలుగా చూపమని మేము కోరడం లేదు. మనుషులుగా చూపితే చాలును.

ప్రభుత్వానికి, సమాజానికి మేము కోరేవి కొన్ని ఉన్నవి. తెలంగాణలో రెండు వందలకు పైగా మైనారిటీ గురుకులాలు నడుస్తున్నాయి. వాటిలో బాలికల పాఠశాలలు అనేకం. ఏడాదికి ఒక్కమారైనా అక్కడ ఉర్దూ, తెలుగు నాటకాల పోటీలు పెట్టాలి. గెలిచినవారికి షౌకత్ కైఫీ పేరున బహుమతి ఇవ్వాలి. ఉర్దూ తెలంగాణలో 2017 నుంచి, ఆంధ్రప్రదేశ్‌లో 2022 నుంచి రెండవ అధికార భాష. ఆ హోదా కార్యాలయాల బోర్డుల మీద ఆగిపోరాదు. షౌకత్ తన జీవితాన్ని ‘యాద్ కీ రహ్‌గుజర్’ అన్న పేరుతో ఉర్దూలో గ్రంథస్థం చేశారు. దాని ఆధారంగా ‘కైఫీ ఔర్ మైఁ’ నాటకం కూడా వెలువడింది. ఆ పుస్తకం ఉర్దూ చదవలేని మన తెలుగు ముస్లిం ఆడపిల్లలకు తెలుగులో, ప్రతి శాఖా గ్రంథాలయంలో అందుబాటులో ఉండేటట్లు రెండు రాష్ట్రాల అకాడమీలు చూడాలి. మస్జిదు కమిటీలు, మహిళా సంఘాలు కలిసి పేటలో ‘గరమ్ హవా’ను, ‘బాజార్’ను ప్రదర్శించి, చివరన చర్చ పెట్టాలి. ఆ చర్చలో ముందుగా మాట్లాడే అవకాశం స్త్రీలకు ఇవ్వాలి.

ఇవేవీ కోట్ల రూపాయలు ఖర్చయ్యే పనులు కావు. వచ్చే విద్యా సంవత్సరపు దరఖాస్తులు త్వరలో వస్తాయి. కనీసం మన చేతులతో నింపే కాగితాలలో ‘తల్లి వృత్తి’ అన్న గడిని ఖాళీగా వదలకుండా ఉందాము. అడిగి, విని, ఉన్నది ఉన్నట్లు రాద్దాము. షౌకత్ కైఫీకి మేము ప్రతిపాదించే మొదటి నివాళి ఇదే.